ఫలానా కుర్చీ

మార్చి 4

నిరుద్యోగ బీమా సంస్కరణల కమిటీ ఈరోజు మొదలైంది. మొత్తం నలుగురం. అధ్యక్షులు పెద్దాయన. రిటైరై ఎన్నేళ్లయినా కారునీ కుర్చీనీ వదలని మనిషి, నోరు తెరిస్తే మొదటి పోస్టింగ్ నుంచి అందుకుంటారు. రెండోవాడు బయటినుంచి అద్దెకు తెచ్చిన సలహాదారు. గోడమీద బొమ్మలు వేసి చూపించడం తప్ప ఇంకేమీ చదివినట్టు లేడు. స్లైడ్ల బాబు అని పేరు పెట్టుకున్నాను. మూడో మనిషి గణాంకాల శాఖ నుంచి వచ్చిన లెక్కలావిడ. ఆవిడ ఫైలు తెరిస్తే చాలు, పెద్దాయనకు కునుకు పడుతుంది. నాలుగోదాన్ని నేను. రాసేది నేను. వాళ్ల ముగ్గురి మాటలూ గాలికి పోతాయి, నేను రాసింది చట్టమవుతుంది.

మా శాఖలో ఒక ఆచారం ఉంది. కమిటీ బల్ల చివర ఒక కుర్చీ ఖాళీగా వదులుతారు. అది ఫలానాది. ఫలానా అంటే ఎవరూ కాదు, ఉద్యోగం పోయిన ఒక ఊహా మనిషి. ఏ నిబంధన రాసినా ఆ కుర్చీకేసి చూసి "దీనికి ఫలానా ఏమంటాడు?" అని అడగాలి. ఇది ఏ మహానుభావుడు మొదలుపెట్టాడో తెలియదు గానీ, ఇన్నేళ్లలో ఫలానా ఒక్కసారీ ఏమీ అనలేదు. ముక్కూ మొహం లేనివాడు ఏమంటాడు?

ఇంటికొచ్చేసరికి శ్రీవారు సోఫాలో ఉన్నారు. పొద్దున నేను వెళ్లేటప్పుడూ అక్కడే ఉన్నారు. దుస్తుల ఫ్యాక్టరీ మూతపడి మూడు నెలలు కావస్తోంది. ఆయన కూర్చునే చోట సోఫాలో గుంట పడింది.

మార్చి 6

"టీ పెట్టనా?" అని అడిగారు. పెట్టకుండా అడగడం కూడా ఒక కళే.

మార్చి 12

ఫలానాకి ఈరోజు మొహం వచ్చింది. నేనే ఇచ్చాను.

"తగిన ఉద్యోగం" అన్న మాట దగ్గర ఆగాం. పాత చట్టం ప్రకారం, పని పోయినవాడు భృతి తీసుకుంటున్నంత కాలం తన వృత్తికి సరిపడని పనిని వద్దనవచ్చు. దీన్ని బిగించాలని పైనుంచి మాట వచ్చింది. ఎలా బిగించాలో ఎవరికీ తెలియదు. స్లైడ్ల బాబు గోడమీద ఒక బాణం చూపించాడు. బాణం పైకి పోతోంది. ఎందుకు పోతోందని అడిగితే "అదే కదండీ మన లక్ష్యం" అన్నాడు. పెద్దాయన కళ్లు మూతపడుతున్నాయి. నాకు ఒళ్లు మండింది.

"ఫలానా ఏమంటాడో నేను చెప్తాను సార్" అని మొదలుపెట్టాను. "ఫలానా పొద్దున తొమ్మిదికి లేస్తాడు. పేపర్లో ఉద్యోగాల పేజీ పక్కన పడేసి గళ్లనుడికట్టు పూరిస్తాడు. గోడౌన్లో పని ఉందంటే 'నా చేతిపని వేరండీ' అంటాడు. వాచ్‌మన్ పనంటే నవ్వుతాడు. ఆదివారం మాత్రం అయ్యగారికి ఊపిరి సలపదు. అల్మరాలోంచి పనిముట్ల పెట్టె దించుతాడు. ఒక్కో స్క్రూడ్రైవరూ తుడుస్తాడు, నూనె పూస్తాడు, పసుపు గుడ్డలో చుడతాడు, పెళ్లికూతురి నగల్లా మళ్లీ అల్మరాలో దాస్తాడు. అంత కష్టపడ్డాక నిద్ర రాదూ? పడుకుంటాడు."

పెద్దాయన కునుకులోంచి లేచి పొట్ట పట్టుకుని నవ్వారు. "వీణ్ణి నేనెరుగుదునమ్మా! మా మేనల్లుడు అచ్చం ఇంతే!" అన్నారు. స్లైడ్ల బాబు గబగబా రాసుకున్నాడు. లెక్కలావిడ మాత్రం నవ్వలేదు. సగటు తీస్తే గానీ ఆవిడకు నవ్వు రాదేమో.

పేరు చెప్పలేదు. ఎవరి పేరూ చెప్పలేదు. ఫలానా అన్నాను, అంతే.

మార్చి 17

ఆదివారం. శ్రీవారు పెట్టె దించారు. అమ్మాయి పదో తరగతి పుస్తకాలు వదిలేసి ఆయన పక్కన చేరింది. "ఇదేంటి నాన్నా? అదేంటి?" ఆయన చెబుతున్నారు. కుట్టుమిషన్లో ఇంత చిన్న మర వదులైతే దారం తెగుతుందట, దారం తెగితే లైను మొత్తం ఆగిపోతుందట, అందుకని మెకానిక్ చొక్కా జేబులో స్క్రూడ్రైవరు ఎప్పుడూ ఉండాలట. పదహారేళ్లుగా వింటున్నాను ఈ పురాణం. ఫ్యాక్టరీ మూతపడ్డా స్క్రూడ్రైవరు మాత్రం జేబులోనే ఉంది. ఇంట్లో ఎవరి దారం తెగుతుందని?

"వాచ్‌మన్ పని ఎందుకు వద్దన్నారు?" అని అడిగాను.

"ఫోర్‌మన్ ఫోన్ చేస్తానన్నాడు. కొత్త ఫ్యాక్టరీ కడుతున్నారట. మిషన్లు దిగగానే మెకానిక్కులు కావాలి. అప్పటిదాకా ఆగితే..."

"అప్పటిదాకా సర్కారు మిమ్మల్ని మేపాలా?"

"మేపడమేంటి? పదిహేడేళ్లు నెలనెలా నా జీతంలోంచి కోసుకున్నారు. నేను కట్టుకున్న బీమా అది. ఇల్లు కాలిందనుకో. బీమావాడు వచ్చి 'పశువులపాక ఖాళీగానే ఉందిగా, అందులో ఉండు' అంటాడా?"

వాదించడానికి మాత్రం నోరు బాగానే లేస్తుంది. ఫోర్‌మన్ ఫోన్ చేస్తాడట! ఆలూ లేదు చూలూ లేదు అన్న సామెత ఇలాంటివాళ్లను చూసే పుట్టి ఉంటుంది. కూర్చుని తింటే కొండలైనా కరుగుతాయి. మాకు కొండలు కూడా లేవు, నా జీతం ఒకటి ఉంది.

మార్చి 26

నిబంధన కుదిరింది. మొదటి ఎనిమిది వారాలు ఫలానా తనకు నచ్చిన పని వెతుక్కోవచ్చు. ఆ తర్వాత ఉపాధి కార్యాలయం ఏది చూపిస్తే అదే తగిన ఉద్యోగం. వద్దంటే భృతి బంద్. ఇప్పటికే భృతి తీసుకుంటున్నవాళ్లకూ ఇదే వర్తిస్తుంది. రెండే వాక్యాల్లో రాశాను. పెద్దాయన "ముత్యాల్లా ఉన్నాయి" అన్నారు.

లెక్కలావిడ చెయ్యెత్తింది. "తొందరపెట్టి ఏదో ఒక పనిలో చేర్చినవాళ్లు ఏడాది తిరక్కుండా మళ్లీ మన కౌంటరు దగ్గరికే వస్తున్నారండీ. ఆగనిస్తే కాస్త ఆలస్యంగా వెళ్తారు, కానీ మళ్లీ రారు. నా దగ్గర పట్టిక ఉంది."

"ఉంటుందమ్మా, ఉంటుంది" అని పెద్దాయన ఖాళీ కుర్చీకేసి తిరిగారు. "ఏం ఫలానా, గుడ్డలో చుట్టుకున్నావా స్క్రూడ్రైవర్లు?" స్లైడ్ల బాబు బల్లమీద చరిచి మరీ నవ్వాడు. ఆవిడ పట్టిక ఫైల్లోకి వెళ్లిపోయింది. పాపం, పట్టికకి ఆవలింతే గతి.

ఏప్రిల్ 3

నిబంధనకూ ఇంటికీ సంబంధం లేదు. రాసేటప్పుడు నా కళ్లముందు లక్షలమంది ఉన్నారు.

ఏప్రిల్ 9

ఉపాధి కార్యాలయం చూడటానికి వెళ్లాం. కమిటీ అన్నాక ఎక్కడికో ఒకచోటికి వెళ్లాలి కదా. పొడుగాటి హాలు, గోడలకు సగం దాకా ఆకుపచ్చ పెయింటు, ఆ పెయింటుకి తలలు ఆనించి ఆనించి వరసగా జిడ్డు మరకలు. బెంచీలమీద జనం టోకెన్లు పట్టుకుని కూర్చున్నారు. వాళ్లలో ఒక్కరైనా లేచి నిలబడలేదు. పెద్దాయన గొంతు సవరించుకున్నా లేవలేదు.

ఒక నడివయసామె నా భుజం తట్టింది. "టోకెన్ తీసుకున్నారా అమ్మా? మొదటిసారా? సిగ్గుపడకండి, అలవాటైపోతుంది" అంది. బెంచీమీద జరిగి నాకు చోటు కూడా ఇచ్చింది.

నా చీర చూసి, చేతిలో ఫైళ్లు చూసి కూడా నన్ను పని పోయినదాన్ననుకుంది! ఇలాంటి తెలివితేటలతో ఉద్యోగం ఎలా నిలుస్తుంది?

ఏప్రిల్ 18

ముసాయిదా పైకి వెళ్లింది. ఫలానా ఇప్పుడు కమిటీలో అందరికంటే ముఖ్యుడు. ప్రతి సమావేశంలో ఇంకో ముచ్చట అడుగుతున్నారు. "ఇంతకీ వీడికి సంసారం ఉందా?" అన్నారు పెద్దాయన. "ఉంది సార్. పెళ్లాం ఉద్యోగం చేస్తుంది, వీడు తింటాడు" అన్నాను. "పాపం ఆ ఇల్లాలు!" అన్నారాయన.

నా ప్రాణానికి హాయిగా అనిపించింది. ఇన్నాళ్లకు నన్ను పాపం అన్న మనిషి ఒకడు దొరికాడు.

లెక్కలావిడ మెట్ల దగ్గర ఆపింది. "మేడమ్, ఈ ఫలానా నాకెందుకో బతికున్న మనిషిలా అనిపిస్తున్నాడు."

"కల్పితం" అన్నాను.

"అయితే బాగా కల్పించారు. కానీ ఒక్కడి కొలతలు తీసుకుని ఊరందరికీ చొక్కాలు కుడుతున్నామేమో ఆలోచించండి."

కందకు లేని దురద కత్తిపీటకెందుకు? ఆవిడ ఉద్యోగం పోలేదు, ఆవిడ మొగుడి ఉద్యోగమూ పోలేదు.

మే 9

సాయంత్రం మంత్రిగారు టీవీలో సంస్కరణ ప్రకటించారు. ఈ రోజునుంచే అమలు. ఇంట్లో ముగ్గురం చూస్తున్నాం. నేను రాసిన రెండు వాక్యాలూ అక్షరం మారకుండా చదివారు. గర్వంగానే ఉంది, ఎందుకు దాచాలి.

తర్వాత కాగితం పక్కన పెట్టి, నవ్వి, "మీకొక మనిషి గురించి చెబుతాను" అన్నారు. తొమ్మిదికి లేవడం. గళ్లనుడికట్టు. "నా చేతిపని వేరండీ". అమ్మాయి కిలకిలా నవ్వేసింది. "నాన్నా! ఇతనెవరో అచ్చం నీలాగే ఉన్నాడే!" ఆయన కూడా నవ్వారు. "నాలాంటివాళ్లు చాలామందే ఉన్నారమ్మా" అన్నారు.

పెట్టె వచ్చింది. నూనె వచ్చింది. పసుపు గుడ్డ వచ్చింది. పెళ్లికూతురి నగలు వచ్చాయి. టీవీలో జనం గొల్లుమన్నారు. అమ్మాయి నవ్వు సగంలో ఆగిపోయి నా వైపు చూసింది.

గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకున్నట్టు, ఎవరూ అడక్కుండానే నేను అందుకున్నాను. "ఇలాంటి కథలు ఎవరో ఒకరు అల్లుతారు. మన గురించి కాదు."

ఆయన రిమోట్ తీసుకుని శబ్దం తగ్గించారు.

"గుడ్డ రంగు కూడా చెప్పావా?" అన్నారు.

మే 10

అంత సున్నితమైతే ఎలా? పేరు చెప్పలేదుగా.

ఆరింటికే లేచారు. ఇంతకాలం లేవలేకపోవడం కాదన్నమాట, లేవకపోవడం.

మే 12

ఆదివారం. పెట్టె దించలేదు. ఆయన స్నానానికి వెళ్లినప్పుడు అల్మరా తెరిచి చూశాను. పెట్టె లేదు.

"ఏదీ?" అని అడిగితే "నా పక్క లైను మెకానిక్ ఊరొదిలి వెళ్తున్నాడు. వాడికిచ్చేశాను" అన్నారు. స్క్రూడ్రైవరు ఉండే జేబు కూడా ఖాళీగా ఉంది.

"అంత మంచి పనిముట్లు ఊరికే ఇచ్చేశారా?"

"నగలు కాదుగా" అన్నారు.

పసుపు గుడ్డ వంటింట్లో ఉంది. దానితో పొయ్యిమీది గిన్నె దించుతున్నారు. అదేదో నాకు శిక్ష అనుకుంటున్నారేమో. మసిగుడ్డ ఒకటి కావాలని నేనే ఎప్పటినుంచో అనుకుంటున్నాను.

మే 27

మా ఆఫీసు గేటు దగ్గర కొత్త గార్డు. చొక్కా భుజాలు మోచేతుల దాకా జారి ఉన్నాయి, టోపీ చెవులమీద ఆగింది. ఇలాంటివాళ్లను ఎక్కణ్ణుంచి పట్టుకొస్తారో అనుకుంటూ నడిచాను. దగ్గరికి వెళ్లాక చూస్తే శ్రీవారు.

"ఐడీ చూపించండి మేడమ్."

నా వెనక నలుగురు నిలబడ్డారు. కార్డు తీసి చూపించాను. ఫోటోనీ నన్నూ మార్చి మార్చి చూశారు, నిజంగానే పోల్చుకోలేనట్టు.

"ఊళ్లో ఇంకెక్కడా దొరకలేదా?" అన్నాను గొంతు తగ్గించి.

"కార్యాలయం ఏది చూపిస్తే అదే తగిన ఉద్యోగం కదా మేడమ్" అని గేటు తీశారు.

ఇంటికొచ్చాక ఆ మాటే ఎత్తలేదు. నేనూ ఎత్తలేదు. ఉద్యోగం ఉద్యోగమే. పని చేసేవాడికి చిన్నతనమేమిటి? ఇదే మాట చట్టంలో ఇంకా చక్కగా రాశాను.

జూన్ 5

వెనక గేటు దారిలో నీడ ఉంటుంది. అందుకే అటునుంచి వెళ్తున్నాను.

జూన్ 20

మొదటి ఫలితాలు. భృతి తీసుకునేవాళ్లు తగ్గారు. స్లైడ్ల బాబు బాణం మళ్లీ పైకి పోయింది, ఈసారి ఆకుపచ్చ రంగులో. "ఫలానా పనిలో చేరాడమ్మా!" అని పెద్దాయన నా చెయ్యి పట్టుకుని ఊపారు. చేరినవాళ్లు మూడు నెలలు అదే పనిలో నిలిస్తే నిబంధన గెలిచినట్టు. ఆగస్టు చివర సమీక్ష. డైరెక్టరు పదవికి నా పేరు అనుకుంటున్నారని కూడా చెవిలో ఊదారు.

ఇంట్లో ముగ్గురం అన్నానికి కూర్చుంటే గిన్నెల చప్పుడు తప్ప ఏమీ లేదు. అమ్మాయి ఏదైనా అడగాలంటే ఆయన్నే అడుగుతోంది. నేను ప్రశాంతంగా తింటున్నాను.

ఆగస్టు 13

ఫోర్‌మన్ ఫోన్ చేశాడు.

నాకు చేశాడు. "ఆయన ఫోనుకి ఎప్పుడు చేసినా కలవట్లేదమ్మా. మీ నంబరు పాత ఫ్యాక్టరీ కాగితాల్లో దొరికింది" అన్నాడు. డ్యూటీలో గార్డులు ఫోన్లు ఆపేసి లాకర్లో పెట్టాలి. అది మా ఆఫీసు నియమమే.

"మిషన్లు దిగాయమ్మా. ఇరవై ఆరులోగా వచ్చి చేరమనండి. ఆ తర్వాత పైవాళ్లు ఎవర్నో ఒకర్ని పెట్టేస్తారు, నా చేతిలో ఉండదు. ఆయన చేతికోసమే చోటు ఆపి ఉంచాను. పనిముట్లు మాత్రం సొంతవి తెచ్చుకోమనండి. మర్చిపోకుండా చెప్తారు కదూ?"

"చెప్తాను" అన్నాను.

ఆలూ చూలూ అని ఈ పుస్తకంలోనే ఎక్కడో రాశాను. ఆ పేజీ ఇప్పుడు తిరగెయ్యక్కర్లేదు.

ఆగస్టు 14

ఆయన అలిసిపోయి వచ్చారు. రేపు చెబుతాను.

ఆగస్టు 17

అమ్మాయికి పరీక్షలు. ఇంట్లో ఇప్పుడు ఈ హడావుడి ఎందుకు? అయ్యాక చెబుతాను.

ఆగస్టు 20

పనిముట్లు లేని మెకానిక్‌ని ఎవరు పెట్టుకుంటారు? చెబితే బాధపడటం తప్ప ఒరిగేదేమీ లేదు. కొత్తవి కొనవచ్చు. కొనవచ్చు, నిజమే. బజారులో పనిముట్ల దుకాణం ముందు నుంచే వచ్చాను. అద్దాల వెనక వరసగా పేర్చి ఉన్నాయి. ఏ సైజు కావాలో నాకేం తెలుసు? పదహారేళ్లు విన్నా తెలియదు.

సమీక్ష ఇరవై ఏడున. ఒక్క మనిషి పని మానేస్తే పట్టిక మారిపోదు. నేను ఆగుతున్నది అందుకు కాదు.

ఆగస్టు 25

రేపు చెబుతాను.

ఆగస్టు 27

సమీక్ష అయింది.

పైనుంచి అధికారులు వచ్చారు. గది నిండిపోయింది, స్లైడ్ల బాబు ప్రొజెక్టరుకు చోటు చాలలేదు. "ఆ ఖాళీ కుర్చీ తీయించండి" అన్నారెవరో. పెద్దాయన గంట కొట్టి గార్డును పిలవమన్నారు. బయట పదిమంది ఉన్నా శ్రీవారే రావాలా? ఆయనే వచ్చారు.

"ఇది బయట పడేయవయ్యా. జాగ్రత్త, అది ఫలానాగారి కుర్చీ!" అన్నారు పెద్దాయన. అందరూ నవ్వారు.

ఆయన కుర్చీని రెండు చేతులా ఎత్తుకున్నారు. "ఆయనకిక అక్కర్లేదు లెండి సార్. పనిలో చేరారు."

"అబ్బో! మన గార్డుకి కూడా తెలుసే ఫలానా!" మళ్లీ నవ్వులు. లెక్కలావిడ ఆయన చొక్కా జేబుమీది పేరు చదివింది. తర్వాత నా ముందున్న పేరు పలక చదివింది. రెండింటిలోనూ ఇంటిపేరు ఒకటే. తల దించుకుంది.

నేను లేచి ఆయన వెనకే వరండాలోకి వెళ్లాను. ఎందుకు వెళ్లానో తెలియదు. ఒక్కసారి కూడా వెళ్లనిదాన్ని.

"ఫోర్‌మన్ ఫోన్ చేశాడు" అన్నాను.

ఆయన ఆగారు. "ఎప్పుడు?"

"పదమూడున."

"ఎప్పటికి రమ్మన్నాడు?"

"నిన్నటిలోగా."

కుర్చీ కింద పెట్టారు. అది టకటక ఊగింది. తిడతారనుకున్నాను. తిడితే బాగుండేది, నా దగ్గర జవాబులు చాలా ఉన్నాయి. ఆయన కుర్చీ వైపే చూస్తున్నారు. సీటుమీద అరచెయ్యి ఆనించి నొక్కారు, వంగి కాళ్లు ఒక్కొక్కటే కదిపి చూశారు.

"ఒక కాలు వదులై ఉంది. ఇన్నేళ్లలో ఇందులో ఎవరూ కూర్చోలేదా?"

"లేదు."

"మర బిగిస్తే సరిపోతుంది. నిమిషం పని" అంటూ చొక్కా జేబులో చెయ్యి పెట్టారు.

జేబులోంచి ఈల వచ్చింది. గార్డులకు ఇచ్చే ఈల. దాన్ని వేళ్లమధ్య తిప్పి చూశారు.

పదహారేళ్లుగా ఈ మనిషిమీద వాడుతున్న వెటకారంలో నాకు ఒక్క ముక్కా దొరకలేదు. ఏడుపొచ్చింది. ఆయన ముందు ఏడవడానికి నాకు మొహం లేదు.

ఈల మళ్లీ జేబులో పెట్టుకుని కుర్చీ ఎత్తుకున్నారు. "లోపల మీకోసం చూస్తున్నారు మేడమ్. వెళ్లండి."

వెళ్లాను. గోడమీద బాణం పైకి పోతోంది. అందరూ చప్పట్లు కొడుతున్నారు. నేనూ కొట్టాను.